పటం కథ మీద డాక్యుమెంటరీ: కెమెరా కంటే ముందు తేల్చుకోవాల్సినవి

ప్రశ్న ఇదీ: సిద్దిపేట, జనగామ వైపు తిరిగే ఒక పటం కథ బృందం పరిచయమైంది (పొడవాటి బట్ట మీద రాసిన బొమ్మలు ఒక్కొక్కటే చూపిస్తూ కథ పాడి చెప్పేవాళ్లు). ఇద్దరు మిత్రులు, చేతిలో లక్షన్నర రూపాయలు, ఒక మిర్రర్‌లెస్ కెమెరా ఉన్నాయి. ‘అంతరించిపోతున్న కళ’ మీద 40 నిమిషాల డాక్యుమెంటరీ తీయాలి. ఇంకా మంచి కెమెరా కొనాలా, ఎక్కడ మొదలుపెట్టాలి?

కెమెరా కొనకండి. గత ఏడెనిమిదేళ్లలో వచ్చిన మిర్రర్‌లెస్ ఏదైనా ఈ పనికి సరిపోతుంది. ఆ డబ్బు మైకులకూ, హార్డ్‌డిస్కులకూ, కళాకారులకూ పెట్టండి. అంతకంటే ముందు ‘అంతరించిపోతున్న కళ’ అనే మాటను మీ నోట్‌బుక్‌లోంచి కొట్టేయండి. ఆ మాటతో మొదలైన సినిమా ఎలా ఉంటుందో చూడకుండానే చెప్పొచ్చు: అరుగు మీద కూర్చున్న పెద్దాయన, వెనక వేణువు, ‘మా తర్వాత ఎవరూ లేరు’ అన్న ఒక వాక్యం, చివర ప్రభుత్వానికి విన్నపం. బృందానికి కూడా ఆ మాటలు కంఠతా వచ్చేశాయి. టీవీ వాళ్లకూ అధికారులకూ చెప్పీ చెప్పీ అలవాటైపోయింది. మీరు అడగకముందే అదే జవాబు వస్తుంది.

పటం కథలో ఎవరూ పట్టించుకోని విషయం కళ కాదు, దాన్ని నిలబెట్టిన ఏర్పాటు. కథ చెప్పే ప్రతి కులానికీ పోషించే కులం ఒకటుంటుంది. కాకి పడగల వాళ్లు ముదిరాజులకు పాండవుల కథ చెప్తారు. కూనపులి వాళ్లు పద్మశాలీలకు మార్కండేయ పురాణం, గౌడజెట్టి వాళ్లు గౌడులకు గౌడ పురాణం, పటం వాళ్లు చాకలి వాళ్లకు మడేలు పురాణం, డక్కలి వాళ్లు మాదిగలకు జాంబ పురాణం చెప్తారు. ఏ కుటుంబం ఏ ఊళ్లు తిరగాలో తరాల నుంచి పంచుకున్న హక్కు ఉంటుంది. చాలామంది దాన్ని మిరాశి అంటారు. ఆ ఊళ్లో పోషక కులం వాళ్లు బృందానికి తిండి పెట్టాలి, కట్నం (కథ చెప్పినందుకు డబ్బో ధాన్యమో) ఇవ్వాలి. పటంలోని కథ ఆ పోషక కులం పుట్టుకను చెప్పేదే అయివుంటుంది, లేదా వాళ్లు తమదిగా భావించేది. అంటే పిలిచిన వాళ్ల వంశచరిత్రను వాళ్ల వాకిట్లోనే రాత్రంతా పాడి వినిపించడం అన్నమాట. ఈ సంబంధం ఇప్పుడు ఏ స్థితిలో ఉందన్నదే మీ సినిమా. ఈ ఏడాది ఎవరు పిలిచారు, ఎవరు తలుపు తీయలేదు, అన్నదమ్ములు వేరుపడితే ఊళ్లు ఎలా పంచుకున్నారు, మిగతా ఏడాది ఏ పని చేసి బతుకుతున్నారు? ఈ ప్రశ్నలకు జవాబులు ఇంటర్వ్యూలో కాదు, నడుస్తున్న సంఘటనల్లో దొరుకుతాయి.

కాబట్టి విషయాన్ని కాక, ఏడాదిలో జరగబోయే ఒక సంఘటనను ఎంచుకోండి. పంటలు ఇళ్లకు చేరాక బృందం ఊళ్లకు బయల్దేరడం ఒకటి. కొత్త పటం రాయించుకోవడానికి చేర్యాల నకాషీ చిత్రకారుల దగ్గరికి వెళ్లడం మరొకటి. ఇది అరుదు కాబట్టి దొరికితే వదలొద్దు. బట్టకు చింతగింజల జిగురు, గంజి, సుద్ద కలిపి పూత పూయడం దగ్గర్నుంచి తీయొచ్చు. చిరిగిపోయిన పాత పటానికి పూజ చేసి నీళ్లలో వదలడం మూడోది. వీటిలో ఒక్కటి ఖాయంగా జరుగుతుందని తేలాకే షూటింగ్ తేదీలు వేసుకోండి. ఏ సంఘటనా లేకపోతే సినిమా లేనట్టే. ఇంకో ఏడాది ఆగడం మేలు.

మొదటి రెండు మూడు సార్లు కెమెరా లేకుండా వెళ్లండి. అప్పుడు చేయాల్సిన పని ఒకటుంది: ఊళ్ల జాబితా రాసుకోవడం. మీ బృందం హక్కులో ఎన్ని ఊళ్లున్నాయి, ఒక్కో ఊళ్లో ఎప్పుడు చివరిసారి పటం విప్పారు, ఎన్ని రాత్రులు, కట్నం డబ్బా ధాన్యమా, పెద్దమనిషి ఎవరు అన్న వివరాలన్నీ ఒక పట్టికలో వేయండి. సినిమా నడక మొత్తం ఆ పట్టికలోంచే బయటికొస్తుంది. నేపథ్యం కోసం వరంగల్‌లోని తెలుగు విశ్వవిద్యాలయం జానపద గిరిజన విజ్ఞాన పీఠానికి వెళ్లండి. ఈ ఆశ్రిత కులాల మీద పరిశోధన చేసినవాళ్లు అక్కడ దొరుకుతారు. వాళ్లను కెమెరా ముందు కూర్చోబెట్టే తొందర మాత్రం వద్దు. ప్రొఫెసర్ వివరణ మొదలైన నిమిషం నుంచీ కళాకారుడు తన సినిమాలోనే ఉదాహరణగా మిగిలిపోతాడు.

బృందం ‘డెమో’ ఇస్తామంటుంది. దాని గురించి ముందే జాగ్రత్త పడండి. కెమెరా కనిపిస్తే పటంలో నాలుగు బొమ్మలు చూపించి, ఒక పాట, ఒక హాస్యం కలిపి ఇరవై నిమిషాల్లో ముగించే పద్ధతి ఒకటి తయారై ఉంటుంది. అందులో వాళ్ల తప్పేమీ లేదు, వచ్చిన వాళ్లంతా అదే అడిగారు. అసలు కథనం పోషకులు పిలిచిన ఊళ్లో, వాళ్ల మధ్యనే జరుగుతుంది. అక్కడ కథకుడు ఫలానా ఇంటాయన పేరు కథలో కలుపుతాడు, కట్నం తక్కువైతే కథ ఆపి వ్యంగ్యం విసురుతాడు, అలసిపోతే వంతపాటకు వదిలేస్తాడు. డెమోలో ఇవేవీ ఉండవు. కెమెరా కోసమే ప్రత్యేకంగా కథ చెప్పించాల్సి వస్తే ఆ సంగతి సినిమాలో ఒక్క వాక్యంగానైనా చెప్పండి. పూజ లేకుండా పటం విప్పని బృందాలున్నాయి. ఆ ఖర్చు మీదే.

డబ్బు విషయం. ఇంటర్వ్యూలకు డబ్బు ఇవ్వకూడదని పాత్రికేయులు చెప్పే నియమాన్ని ఇక్కడికి తేవద్దు. కథ చెప్పడం వాళ్ల వృత్తి, కాబట్టి దానికి మామూలుగా తీసుకునే మొత్తం ఇవ్వాలి. కూలికి పోవాల్సిన రోజున మీ కోసం ఇంట్లో ఉంటే ఆ కూలి ఇవ్వాలి. ఎంతో ముందే మాట్లాడి, బృందం మొత్తం ముందు చెప్పండి. ఒక్కరి చేతిలో పెట్టి వస్తే పంపకాల దగ్గర గొడవ మొదలై, రెండో షెడ్యూల్‌కు హార్మోనియం ఆయన రాడు. లక్షన్నరలో సుమారు 40 వేలు కళాకారులకు, 30 వేలు ప్రయాణాలకూ తిండికీ, 25 వేలు మైకులూ రికార్డరుకు, 20 వేలు హార్డ్‌డిస్కులకు, 20 వేలు చివర సౌండ్ మిక్సింగ్‌కు పక్కన పెట్టండి. మిగిలిన 15 వేలు ముట్టుకోవద్దు, అవి ఎటూ ఖర్చయిపోతాయి. ఎడిటింగ్ మీరే చేసుకుంటారన్న లెక్క ఇది.

ఒప్పందం తెలుగులో, ఒక పేజీ దాటకుండా రాయండి. చదివి వినిపించండి, వినిపించడాన్నీ వాళ్లు ఒప్పుకోవడాన్నీ వీడియో తీసి పెట్టుకోండి. సినిమా ఎక్కడ చూపిస్తారు (ఫెస్టివల్స్, యూట్యూబ్, టీవీ), ఎంత ఇచ్చారు, అమ్ముడైతే వాటా ఎంత, ఎడిటింగ్ పూర్తయ్యేలోపు ఫలానా మాట తీసేయమని అడిగే హక్కు ఉందా లేదా అన్నవి అందులో ఉండాలి. కాపీరైట్ చట్టం, 1957లోని 38వ సెక్షన్ ప్రకారం ప్రదర్శకుడికి తన ప్రదర్శన మీద 50 ఏళ్ల హక్కు ఉంటుంది. సినిమాలో చేర్చడానికి రాతపూర్వకంగా ఒప్పుకున్నాక ఆ సినిమా వరకు నిర్మాత వాడుకోవడాన్ని అడ్డుకోలేరు. అయితే వాణిజ్యపరంగా వాడితే రాయల్టీ పొందే హక్కు మాత్రం ఉంటుంది. నోటిమాటతో తీసిన ఫుటేజీని కొనడానికి ఏ ప్లాట్‌ఫామూ ముందుకు రాదు. పటం రాసిన చిత్రకారుడి అనుమతి చాలామంది మర్చిపోతారు. బొమ్మ నేపథ్యంలో అలా కనిపించి పోతే చట్టం మినహాయింపు ఇస్తుంది కానీ, మీ సినిమాలో పటమే కథానాయకుడు కాబట్టి ఆ మినహాయింపు మీద ఆధారపడకండి.

కులం పేర్ల దగ్గర ఇంకో జాగ్రత్త ఉంది. ఈ పురాణాల్లో కులాల పుట్టుక, ఎవరు ఎక్కువ ఎవరు తక్కువ అన్న వాదన సూటిగా వస్తుంది. కథలో పాడే కొన్ని మాటలు ఈనాడు తిట్లుగా వినిపిస్తాయి. కథ మధ్యలో, సందర్భంతో ఉన్నప్పుడు అవి ఉండొచ్చు. వాటిని కత్తిరించి ట్రైలర్‌లోనో, అరనిమిషం క్లిప్‌గానో వదిలితే మొదట ఇబ్బంది పడేది ఊళ్లు తిరగాల్సిన బృందమే. టైటిల్స్‌లో తమను ఏ పేరుతో రాయాలో కూడా వాళ్లనే అడగండి.

ఇక సౌండ్. ఈ సినిమాలు బొమ్మ బాగాలేక పోవు, మాట వినపడక పోతాయి. పటం కథ రాత్రిపూట, ఆరుబయట, మైక్‌సెట్‌తో జరుగుతుంది. కథకుడి గొంతు, హార్మోనియం, తబలా లేదా మద్దెల, తాళాలు, పక్కనే జనరేటర్. కెమెరా మీద పెట్టిన మైకుతో వచ్చేది పగిలిన లౌడ్‌స్పీకర్ మోత మాత్రమే. మూడు వైపుల నుంచి వేరువేరుగా రికార్డు చేయండి. కథకుడికి ఒక చిన్న కాలర్ మైకు. మైక్‌సెట్ మిక్సర్ నుంచి ఒక లైన్. వంత బృందానికి ఎదురుగా అయిదారు అడుగుల దూరంలో స్టాండు మీద ఒక స్టీరియో రికార్డరు.

కాలర్ మైకు గడ్డానికి జానెడు కింద, పంచె మడతలకూ దండలకూ దూరంగా, మెడికల్ షాపులో దొరికే మైక్రోపోర్ టేపుతో అంటించండి. గంజిపెట్టిన కొత్త చొక్కా అయితే ప్రతి కదలికకూ గరగర వస్తుంది, ఉతికిన పాత నూలు చొక్కా వేసుకోమనండి. కథకుడు గజ్జె కట్టి గెంతుతాడు కాబట్టి ట్రాన్స్‌మిటర్‌ను నడుముకు గుడ్డతో బిగించి కట్టాలి, క్లిప్ నిలవదు. చవక వైర్‌లెస్ సెట్లు 2.4 గిగాహెర్ట్జ్ మీద పనిచేస్తాయి. జనం ఫోన్లతో చుట్టూ చేరాక, మనిషి శరీరం అడ్డొచ్చాక అవి మధ్యమధ్యలో తెగిపోతాయి. అందుకే ట్రాన్స్‌మిటర్‌లోనే రికార్డయ్యే రకం తీసుకోండి, లేదా చిన్న రికార్డరునే కథకుడి జేబులో పెట్టండి.

మిక్సర్ నుంచి లైను తీసుకునేటప్పుడు జరిగే పొరపాటు ఒక్కటే. అక్కడి నుంచి వచ్చేది బలమైన లైన్ లెవెల్ సంకేతం, మీ రికార్డరు ఇన్‌పుట్ మాత్రం బలహీనమైన మైక్ లెవెల్‌కు సిద్ధంగా ఉంటుంది. నేరుగా గుచ్చితే మొత్తం పగిలిపోతుంది. రికార్డరులో లైన్ ఇన్‌పుట్ ఎంచుకోండి, అది లేకపోతే మధ్యలో సంకేతాన్ని తగ్గించే అటెన్యుయేటర్ కేబుల్ పెట్టండి. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో రికార్డు చేస్తూ, గొంతు పైకి లేచినప్పుడు కూడా మీటర్ మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆగేలా పెట్టండి. 32 బిట్ ఫ్లోట్ రికార్డరు ఉంటే లెవెల్ చింత తగ్గుతుంది కానీ, మైక్‌సెట్ ఆయన మిక్సర్‌లోనే పగలగొట్టిన శబ్దాన్ని అది కూడా బాగుచేయలేదు. ఆయనతో సాయంత్రమే టీ తాగుతూ మాట్లాడుకోవడం అన్ని పరికరాల కంటే ఎక్కువ పనిచేస్తుంది. జనరేటర్‌ను ఇంకో యాభై అడుగులు దూరం జరిపించమని అడగండి, వైరు కావాలంటే మీరే తెచ్చిపెట్టండి.

రికార్డరు, కెమెరా గడియారాలు ఒకేలా నడవవు. గంటకు ఒకటి రెండు ఫ్రేముల తేడా వస్తుంది, రాత్రంతా నడిస్తే పెదవులకూ మాటకూ పొంతన ఉండదు. ఎడిటింగ్‌లో రెండింటినీ జత కలపడానికి గుర్తుగా, కార్డు మార్చిన ప్రతిసారీ కెమెరా ముందు చప్పట్లు కొట్టండి, మొదట్లోనే కాదు ఆపేముందు కూడా. ఫోన్‌తో తీసిన షాట్లు కలుపుతుంటే వాటి ఫ్రేమ్‌రేట్ నిలకడగా ఉండదు. ఎడిటింగ్‌లో వేసేముందే స్థిరమైన 25 ఫ్రేములకు మార్చండి. చోటు మారినప్పుడల్లా ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం ఖాళీ శబ్దం రికార్డు చేయడం మానకండి. కట్‌ల మధ్య అతుకు వేయడానికి అదే ఆధారం.

బొమ్మ విషయంలో లెక్క చిన్నదే. మన కరెంటు 50 హెర్ట్జ్, కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50. 24 లేదా 30 ఫ్రేముల్లో ఇష్టమొచ్చిన షట్టర్ పెడితే ట్యూబ్‌లైట్ కింద చారలు కదులుతాయి. చవక ఎల్‌ఈడీ ఫ్లడ్‌లైట్లూ సీరియల్ బల్బులూ 1/50లోనూ మినుకుమంటాయి. సాయంత్రమే వెలిగించి, పది సెకన్లు తీసి చూసుకోండి. మినుకుమంటే ఆ ఒక్క లైటు మార్పించండి. ఎఫ్ 1.8 ఉన్న 35 లేదా 50 ఎంఎం ప్రైమ్ లెన్స్ ఒకటి ఉంటే మరో లైటు అవసరం రాదు. 8 బిట్ కెమెరా అయితే రాత్రి లాగ్‌లో (రంగులు తర్వాత దిద్దుకోవడానికి వీలుగా చప్పగా తీసే పద్ధతి) తీయవద్దు, నీడలన్నీ చుక్కల మయమవుతాయి. వైట్ బ్యాలెన్స్ ఆటోలో ఉంచితే పటం ఎరుపు ఫ్రేము నిండినప్పుడల్లా కథకుడి ముఖం నీలంగా మారుతుంది. ఆటో తీసేసి, రంగు ఉష్ణోగ్రత చెప్పే కెల్విన్ అంకె ఒకటి బిగించి పెట్టేయండి. ఒక కెమెరాను పటం, కథకుడు ఇద్దరూ పట్టేలా స్టాండు మీద వదిలేయండి. రెండోది ఫోనైనా పర్లేదు, అది వినేవాళ్ల వైపు ఉండాలి. ఇలాంటి సినిమాల్లో ఎడిటింగ్ టేబుల్ దగ్గర ఎప్పుడూ తక్కువపడేది వినేవాళ్ల ముఖాలే.

పటం మొత్తాన్ని వేరుగా, పగలు, నీడలో ఫోటోలు తీయండి. మూడడుగుల వెడల్పు, నలభై యాభై అడుగుల పొడవు ఉండే బట్ట అది. నేల మీద పరచకూడదంటారు కాబట్టి కర్రకు చుట్టినదాన్ని మెల్లగా విప్పుతూ, కెమెరా పటానికి సమాంతరంగా పెట్టి, ఒక్కో ఫోటోకూ ముందుదానికీ పావువంతు అతివ్యాప్తి ఉండేలా తీయాలి. ఫ్లాష్ వద్దు. మొదటి ఫ్రేములో గ్రే కార్డు (రంగులు సరిచూసుకోవడానికి వాడే బూడిదరంగు అట్ట) పెట్టండి. 24 మెగాపిక్సెల్ ఫోటో వెడల్పు 6,000 పిక్సెళ్లు, 1,920 పిక్సెళ్ల టైమ్‌లైన్‌లో మూడు రెట్ల వరకు జూమ్ చేసినా పదును పోదు. రాత్రి చీకట్లో బొమ్మల క్లోజప్పుల కోసం కథకుడికి అడ్డంపడే పని ఇలా తప్పుతుంది.

సెకనుకు 100 మెగాబిట్ల (ఎంబీపీఎస్) వేగంతో తీస్తే గంటకు 45 జీబీ. 40 నిమిషాల సినిమాకు 35–40 గంటల ఫుటేజీ మామూలే, అంటే 1.8 టీబీ దాకా. 2 టీబీ డిస్కు సరిపోతుందనుకోకండి, ఎడిటింగ్ ఫైళ్లకూ చోటు కావాలి. 4 టీబీవి రెండు కొని, ఇద్దరి ఇళ్లలో ఒక్కొక్కటి ఉంచండి. కార్డులోని ఫోల్డర్లను యథాతథంగా కాపీ చేయాలి. వీడియో ఫైళ్లు మాత్రమే లాక్కుంటే పొడుగు షాట్లు ముక్కలుగా పడి మళ్లీ అతకవు. రెండు కాపీలూ తెరిచి చూశాకే కార్డు ఫార్మాట్ చేయండి. కొన్ని కెమెరాలు 29 నిమిషాల 59 సెకన్లకు ఆగిపోతాయి, ఏప్రిల్, మే వేడికి కొన్ని అంతకంటే ముందే ఆగుతాయి. మీది ఏ రకమో ఇంట్లోనే ఒకసారి గంటసేపు నడిపి చూడండి.

ఇంటర్వ్యూలు సంఘటన అయ్యాక చేయండి. ముందు చేస్తే కంఠతా జవాబే వస్తుంది. సీలింగ్ ఫ్యాన్ ఆపాలి. ఎండాకాలమైతే పావుగంటకోసారి వేసి, మళ్లీ ఆపండి. ‘ఈ కళ గురించి చెప్పండి’ అని అడగకండి. ‘ఏ బొమ్మ దగ్గరికి వచ్చేసరికి జనం లేచి వెళ్తారు?’, ‘పటం పెట్టె ఎవరు మోస్తారు?’, ‘మొన్న ఆ ఊళ్లో కట్నం చదివించినప్పుడు నవ్వావెందుకు, తాతా?’ అని అడగండి. జవాబు అయ్యాక అయిదారు సెకన్లు మీరు మాట్లాడకుండా ఉండండి. రెండో జవాబు తరచూ అక్కడే వస్తుంది. వాళ్ల మాటను ‘మంచి తెలుగు’లోకి దిద్దించవద్దు. ఆడవాళ్లతో విడిగా మాట్లాడండి. తెర ముందు మగవాళ్లే కనిపించినా, ఏ ఇంట్లో ఏమిచ్చారో, బాకీ ఎంతుందో ఇంటి లెక్క వాళ్లకే తెలుస్తుంది.

ఎడిటింగ్‌కు కూర్చునేముందు ప్రతి మాటనూ టైమ్‌కోడ్‌తో రాసుకోవాలి. గంట ఫుటేజీకి అయిదారు గంటలు పడుతుంది, విసుగు పుట్టిస్తుంది, దాటేస్తే సినిమా మూడు నెలలు ఆలస్యమవుతుంది. యాప్‌లు పాటనూ తెలంగాణ యాసనూ తప్పుగా రాస్తాయి. వాటిని వెతుక్కోవడానికి వాడండి, సబ్‌టైటిల్స్‌కు కాదు. ఒక్కో సన్నివేశాన్ని ఒక చీటీ మీద రాసి గోడకు అంటించి, వరుస మార్చి చూడండి. ఏ చీటీ తీసేసినా కథ ఆగకపోతే అది సినిమాలో అక్కర్లేదు. మొదటి కూర్పు 90 నిమిషాలు రావడం సహజం. కోతలో ముందు పోవాల్సినవి: డ్రోన్ షాట్లు, సూర్యాస్తమయాలు, అతిథి ప్రసంగాలు, ఒకే విషయం చెప్పే రెండో మనిషి. పోగూడనిది: కనీసం ఒక్క చోట నాలుగైదు నిమిషాలపాటు కోత లేకుండా నడిచే కథనం. పటం కథ లయ అందులోనే తెలుస్తుంది. వాయిస్ ఓవర్ ఎంత తగ్గితే అంత మంచిది. నేపథ్య సంగీతం అసలొద్దు, హార్మోనియం ఉంది కదా.

సబ్‌టైటిల్ ఒక్కో వరుసకు సుమారు 42 అక్షరాలు, రెండు వరుసలు మించకూడదు. పాట ప్రతి చరణాన్నీ అనువదిస్తే కన్ను పటం మీదికి పోదు. కథ ముందుకు నడిపే వరుసలు చాలు. తెలుగు ప్రేక్షకుల కోసం పాటల దగ్గర తెలుగు సబ్‌టైటిల్స్ కూడా వేయండి, శ్రీకాకుళంలోనూ అనంతపురంలోనూ అర్థం కావాలి కదా. ఫైనల్ మిక్స్ టీవీకి మైనస్ 23, నెట్‌కు మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్ (మొత్తం శబ్దం ఎంత బిగ్గరగా ఉందో కొలిచే ప్రమాణం) చుట్టూ, రెండు ఫైళ్లుగా తీయించుకోండి.

నిడివి 40 అనుకున్నారు, 38కి దింపండి. ఆస్కార్ నిబంధనల్లో షార్ట్ అంటే టైటిల్స్ కలిపి 40 నిమిషాలే. చాలా టీవీ స్లాట్లు 52 నిమిషాలు అడుగుతాయి. మధ్యలో 46 నిమిషాల దగ్గర ఆగిన సినిమా రెండింటికీ చెడుతుంది. థియేటర్‌లో టికెట్ పెట్టి ఆడించాలంటే సెన్సార్ సర్టిఫికెట్ కావాలి, హైదరాబాద్‌లో ప్రాంతీయ కార్యాలయం ఉంది. ఫెస్టివల్ ప్రదర్శనకు సమాచార, ప్రసార శాఖ మినహాయింపు ఇస్తుంది, దాన్ని సాధారణంగా నిర్వాహకులే తీసుకుంటారు. యూట్యూబ్‌కు సెన్సార్ అక్కర్లేదు. మన దేశంలో ముందు పంపాల్సినవి రెండు: రెండేళ్లకోసారి ముంబైలో జరిగే మిఫ్ (ముంబై అంతర్జాతీయ చలనచిత్రోత్సవం), తిరువనంతపురంలో కేరళ చలనచిత్ర అకాడమీ నడిపే డాక్యుమెంటరీ, షార్ట్‌ఫిల్మ్ ఉత్సవం. అవి తేలకముందే సినిమాను యూట్యూబ్‌లో పెడితే చాలా ఫెస్టివల్స్ తలుపులు మూసుకుంటాయి. ఓపిక పట్టలేకపోతే పాస్‌వర్డ్ ఉన్న లింకు వాడండి.

ఒక చోట మాత్రం ఎవరి కోసమూ ఆగక్కర్లేదు. పిక్చర్ లాక్ చేసే ముందు, అంటే కూర్పు ఇక మార్చకూడదని ఖాయం చేసే ముందు, బృందానికీ పోషకుల ఊరికీ సినిమా వేసి చూపించండి. అభ్యంతరాలు అప్పుడే వస్తాయి, అప్పుడైతే సరిచేయొచ్చు. కత్తిరించని పూర్తి కథనం, అన్ని రాత్రులదీ, పెన్‌డ్రైవ్‌లో బృందానికి ఇవ్వండి. కుర్రాళ్లు పాఠం నేర్చుకునేది మీ 38 నిమిషాల నుంచి కాదు, ఆ పూర్తి రికార్డింగ్ నుంచే. వాళ్లు ఒప్పుకుంటే ఇంకో కాపీ పటం ఫోటోలతో సహా వరంగల్ పీఠానికి చేర్చండి. ఒక్కో ఫైలు పేరు, దాని తేదీ, ఊరు, కథ, కథకుడి పేరు తెలుగులో రాసిన ఒక కాగితం జతచేయండి, లేకపోతే పదేళ్ల తర్వాత అది ఏమిటో అక్కడ ఎవరికీ తెలియదు.